మొద్దు కత్తి అజ్ఞాతవాసం

1917లో టోక్యోలో విడుదలై, భూకంపానికీ బాంబులకూ మంటలకూ దక్కకుండా తప్పించుకుని, తొంభై ఏళ్ల తర్వాత ఒసాకా అంగట్లో బయటపడిన ఓ బొమ్మల సినిమా యథార్థ గాథ

2007 జూలై. జపాన్‌లోని ఒసాకా నగరం.

పాత సామాన్లు అమ్మే అంగడిలో ఒక మనిషి వంగి వెతుకుతున్నాడు. పేరు నత్సుకి మత్సుమోతో. సినిమా పుట్టక ముందు గాజు పలకల మీద బొమ్మలు గీసి దీపం వెలుగులో గోడ మీద చూపించిన రోజుల నుంచి, పిల్లలు చేత్తో తిప్పుకునే ప్రొజెక్టర్ల కాలం దాకా, బొమ్మ తెర మీదికి ఎలా వచ్చిందో ఆ చరిత్రంతా తవ్వి తీయడమే ఆయన పని. పెద్ద పెద్ద సంస్థల గిడ్డంగుల్లో లేనివి ఇలాంటి అంగళ్లలో దొరుకుతాయని ఆయనకు అనుభవం మీద తెలుసు.

అంతకు మూడేళ్ల కింద, 2004 చివర్లో, క్యోటోలో ఒక పాత సామాన్ల వ్యాపారి ద్వారా ఆయన చేతికి ఓ ఫిలిం ముక్క వచ్చింది. మొత్తం 50 ఫ్రేములు. తెర మీద ఆడిస్తే మూడు సెకన్లు. నావికుడి దుస్తులు వేసుకున్న ఓ కుర్రాడు గోడ మీద అక్షరాలు రాసి, మన వైపు తిరిగి, టోపీ తీసి వంగి దండం పెడతాడు. అంతే. ఎరుపు, నలుపు రంగుల్లో ఫిలిం మీదనే అచ్చుగుద్దిన ఆ బొమ్మలు సుమారు 1907 నుంచి 1911 మధ్యవని పరిశోధకులు అంచనా కట్టారు. కుర్రాడి బొమ్మ ఎవరు గీశారో, ఎవరి కోసం గీశారో చెప్పే కాగితం ఒక్కటీ మిగల్లేదు.

ఇప్పుడు ఒసాకా అంగట్లో మత్సుమోతో చేతికి చిక్కిన ఫిలిం చుట్టకు మాత్రం పేరుంది, ఊరుంది, తేదీ ఉంది, తీసిన మనిషి ఉన్నాడు. దాని పేరు నమకురా గతానా. మన మాటల్లో మొద్దు కత్తి. చరిత్ర పుస్తకాల్లో ఒక పేరుగా మాత్రమే మిగిలిన సినిమా అది. 

ఆ కత్తికి తొంభై ఏళ్ల అజ్ఞాతవాసం ఎలా ప్రాప్తించిందో తెలియాలంటే 1917కు వెళ్లాలి.

ముగ్గురు మనుషులు, ఒకే ఏడాది

ఐరోపాలో మహాయుద్ధం సాగుతోంది. టోక్యోలో అసాకుసా పేట సినిమా హాళ్లతో కళకళలాడుతోంది. మూకీల కాలం. తెర పక్కన నిలబడి కథ చెబుతూ, పాత్రలన్నిటికీ తానే గొంతిచ్చే వ్యాఖ్యాతను అక్కడ బెన్షి అంటారు. మంచి బెన్షి ఉన్న హాలుకే జనం పోయేవారు. ఆ హాళ్లలో అప్పుడప్పుడూ అమెరికా నుంచీ ఐరోపా నుంచీ వచ్చిన గీతల బొమ్మల సినిమాలు పడేవి. ఫ్రాన్సులో ఎమిల్ కోల్ 1908లోనే ఫాంటస్మగోరీ తీశాడు. అమెరికాలో విన్సర్ మెక్‌కే వేలకొద్దీ కాగితాల మీద గీసి 1914లో గర్టీ అనే డైనోసార్‌ను నడిపించాడు. గీసిన బొమ్మ కదలడం చూసి జపాన్ జనం ఎగబడ్డారు.

మనమెందుకు తీయకూడదు? ఈ ప్రశ్న ఒకే సమయంలో మూడు కంపెనీలకు వచ్చింది. తెంకత్సు కంపెనీ ఒతెన్ షిమొకావా అనే కార్టూనిస్టును పిలిచింది. ఆయన నల్లబల్ల మీద సుద్దముక్కతో గీసి, ఫోటో తీసి, తుడిచి, మళ్లీ గీసి పని మొదలుపెట్టాడు. నిక్కత్సు కంపెనీలో సెయితారో కితయామా అనే చిత్రకారుడు చేరాడు. మూడోది కొబయాషి షోకాయ్. ఆ కంపెనీ ఎంచుకున్న మనిషి జునిచి కోవుచి.

కోవుచి 1886లో పుట్టాడు. నీటి రంగులతో బొమ్మలు వేయడం నేర్చుకుని, టోక్యో పక్ అనే హాస్య పత్రికలో కార్టూనిస్టుగా ఎదిగాడు. రాజకీయాల మీద గీసి పేరు తెచ్చుకున్న చెయ్యి. వయసు ముప్ఫై దాటింది. సినిమా తీయడం ఎవరూ నేర్పలేదు. నేర్పేవాడు దేశంలోనే లేడు. విదేశీ సినిమాలను తెర మీద చూసి, ఇది ఇలా చేసి ఉంటారు అని ఊహించి, తన బల్ల మీద చేసి చూసుకోవడమే దారి. తోడుగా సెన్‌పాన్ మయెకావా అనే మరో చిత్రకారుడు కలిశాడు. తర్వాతి కాలంలో చెక్క అచ్చు చిత్రాలకు పేరుపడ్డ కళాకారుడీయనే.

ఆ రోజుల లెక్కన తెర మీద సెకనుకు సుమారు 16 ఫ్రేములు పోవాలి. అంటే నిమిషానికి 960. ఆ తర్వాత యానిమేషన్‌కు ఆధారమైన పారదర్శక సెల్యులాయిడ్ షీట్లు జపాన్‌లో చాలా ఖరీదు. అందుకని అక్కడి తొలితరం కాగితాన్నే నమ్ముకుంది. బొమ్మ గీయాలి. చెయ్యి, కాలు, తల విడివిడిగా కత్తిరించాలి. వెనక దృశ్యం మీద పేర్చాలి. కెమెరా ఒక్క ఫ్రేము తీయాలి. చెయ్యిని గోరంత జరపాలి. మళ్లీ ఒక్క ఫ్రేము. కిటికీలోంచి గాలి వీస్తే పొద్దంతా చేసిన పని చెదిరిపోతుంది. ఒక మనిషి కత్తి ఎత్తి దించడానికి మనకు రెప్పపాటు. బల్ల దగ్గర కూర్చున్నవాడికి అది పూటంతా పని.

ఇలా తయారైంది మొద్దు కత్తి. 1917 జూన్ 30న విడుదలైంది.

కథ చిన్నది, కానీ కొరడా దెబ్బ

హనవా హెకొనై అనే సమురాయ్ ఉంటాడు. బుర్ర తక్కువ, బడాయి ఎక్కువ. కత్తుల వ్యాపారి అతని వాలకం కనిపెట్టి ఓ పనికిమాలిన కత్తిని అంటగడతాడు. హెకొనై దాన్ని అటు తిప్పి ఇటు తిప్పి మురిసిపోతాడు. ఎంత పదునుందో చూడాలిగా! దారిన పోయే అమాయకుడి మీద వేటు వేసి చూద్దామని కాపు కాస్తాడు.

ఒళ్లు మర్దన చేసి బతికే చూపులేని మనిషి ఒకడు అటుగా వస్తాడు. హెకొనై కత్తి దూస్తాడు. దెబ్బ తగలదు సరికదా, ఆ మనిషి చేతిలో సమురాయ్‌కే తన్నులు పడతాయి. బుద్ధి రాదు. ఉత్తరాలు మోసే పరుగుమనిషి వస్తుంటే వాడి మీదికి ఉరుకుతాడు. అక్కడా అంతే మర్యాద. చివరికి చూస్తే కత్తి వంకరపోయి ఉంటుంది.

కొద్ది నిమిషాల ఈ నవ్వులాటలో కోవుచి పెద్ద మాటే చెప్పాడు. సమురాయ్‌లు కొత్త కత్తి పదును చూసుకోవడానికి దారిన పోయే బీదాబిక్కీని నరికే దురాచారం జపాన్ చరిత్రలో నిజంగా ఉంది. కోవుచి సినిమాలో అధికారం ఉన్నవాడి కత్తి మొద్దుబారింది. కూలి చేసుకునేవాడు, చూపులేనివాడు తిరగబడి గెలిచారు. రాజకీయ కార్టూనిస్టు చెయ్యి సినిమా బల్ల మీదా ఊరుకోలేదు. కోవుచి గీసిన హెకొనై ముఖం చూడండి: కళ్లు గిరగిరా తిరుగుతాయి, కనుబొమలు ఎగిరిపడతాయి, మురిపెం, భయం, సిగ్గు ఒకదాని వెంట ఒకటి వచ్చిపోతాయి. తొలి ప్రయత్నంలోనే కాగితం ముక్కలతో నటన చేయించాడు. ఆనాటి సినిమా పత్రిక దీన్ని ప్రత్యేకంగా మెచ్చుకుంది.

మెప్పు వచ్చింది గానీ డబ్బు నిలవలేదు. కొద్ది కాలానికే కొబయాషి కంపెనీ ఆర్థిక ఇబ్బందుల్లో పడి సినిమాలు తీయడం ఆపేసింది. కోవుచి పత్రికల బొమ్మలకు తిరిగి వెళ్లాడు. సినిమా హాళ్లలో కొన్నాళ్లు ఆడి, చేతులు మారి, ప్రింట్లు ఎటో పోయాయి.

పన్నెండు గంటలకు రెండు నిమిషాలు తక్కువ

1923 సెప్టెంబర్ 1. ఉదయం 11 గంటల 58 నిమిషాలు. టోక్యో ఇళ్లలో మధ్యాహ్నం వంటకు పొయ్యిలు మండుతున్నాయి. భూమి కదిలింది.

కాంటో మహాభూకంపం అది. కూలిన చెక్క ఇళ్ల మీద పొయ్యిల నిప్పు పడింది. గాలి తోడైంది. లక్ష మందికి పైగా చనిపోయారు. అసాకుసాలో నగరానికి గుర్తుగా నిలిచిన పన్నెండంతస్తుల గోపురం నడుమకు విరిగింది. చుట్టూ ఉన్న సినిమా హాళ్లు కాలిపోయాయి. కంపెనీల గిడ్డంగుల్లో ఉన్న ఫిలిం డబ్బాలు బూడిదయ్యాయి.

అప్పటి ఫిలింకు అగ్గి అంటుకుంటే ఆర్పడం ఎవరి తరమూ కాదు. 1950ల మొదటి వరకూ ప్రపంచమంతా వాడిన సినిమా ఫిలిం నైట్రేట్‌తో తయారయ్యేది. తుపాకీ మందుకు దగ్గరి చుట్టం. మండడానికి కావలసిన ఆక్సిజన్ దానిలోనే ఉంటుంది కాబట్టి నీళ్లలో ముంచినా మండుతూనే ఉంటుంది. నిప్పు తగలకపోయినా వేడికీ తేమకూ మెల్లగా కుళ్లి, జిగురై, చివరికి గోధుమరంగు పొడి అయిపోతుంది.

జపాన్ తొలి బొమ్మల సినిమాలు ఇలా ఒక్కసారిగా చరిత్ర పుస్తకాల్లో పేర్లుగా మారాయి. షిమొకావా సుద్దముక్క పని మిగల్లేదు. భూకంపం తర్వాత కితయామా టోక్యో విడిచి ఒసాకా వెళ్లిపోయాడు. తర్వాత రెండో ప్రపంచ యుద్ధం వచ్చింది. 1945 మార్చిలో టోక్యో మీదా ఒసాకా మీదా బాంబుల వాన కురిసి, భూకంపం వదిలేసింది కూడా తగలబడింది.

కోవుచి మాత్రం పూర్తిగా చేతులెత్తేయలేదు. 1920ల్లో సొంతంగా చిన్న స్టూడియో పెట్టుకున్నాడు. అక్కడ ఆయన దగ్గర పని నేర్చుకున్న కుర్రాడు నొబురో ఒఫుజి. రంగు రంగుల పూల కాగితాలను కత్తిరించి ఒఫుజి తీసిన సినిమాలు తర్వాత దేశాలు దాటాయి. జపాన్ మైనిచి సినిమా పురస్కారాల్లో యానిమేషన్ కళకు ఇచ్చే బహుమతి ఆ ఒఫుజి పేరు మీదే ఉంది. 1962లో తొలి బహుమతి ఒసాము తెజుకా బృందానికి దక్కింది. 1979లో హయావో మియజాకి సినిమాకు వచ్చింది. ఇవాళ మన పిల్లలు టీవీల్లో, ఫోన్లలో చూసే జపాన్ యానిమేషన్ వంశవృక్షంలో వేరు దగ్గర కోవుచి ఉన్నాడు. ఆయన 1970లో కన్నుమూశాడు. తన తొలి సినిమా ఇంకా లోకంలో ఉందని ఆయనకు తెలియదు.

పిల్లల ఆట కాపాడిన చరిత్ర

నిడమనూరు, హాలియా, మిర్యాలగూడ పక్క ఊళ్లలో పెరిగిన పెద్దవాళ్లకు ఒక ఆట గుర్తుండే ఉంటుంది. టూరింగ్ టాకీస్ డేరా దగ్గర ఆపరేటర్ కత్తిరించి పారేసిన ఫిలిం ముక్కలు ఏరుకురావడం. మాడిపోయిన బల్బులో నీళ్లు నింపి భూతద్దం చేయడం. అద్దంతో ఎండను చీకటి గదిలోకి మళ్లించి, పంచె మీద ఎన్టీఆర్‌నో ఏఎన్నార్‌నో నిలబెట్టడం.

జపాన్‌లో 1920లు, 30లలో ఇదే ఆట వ్యాపారంగా నడిచింది. హాళ్లలో ఆడి అరిగిన ప్రింట్లను చిన్న చిన్న ముక్కలుగా కోసి, రేకు ప్రొజెక్టర్లతో పాటు పిల్లలకు అమ్మేవారు. ఇంట్లో చీకటి చేసి, చేత్తో మర తిప్పితే గోడ మీద బొమ్మ ఆడేది. వీటిని ఆటబొమ్మ సినిమాలు అనేవారు. కంపెనీల గిడ్డంగుల్లో అసలు ప్రింట్లు కాలిపోయినా, పిల్లల పెట్టెల్లో ఈ ముక్కలు మిగిలాయి. ఇవాళ జపాన్ మూకీల్లో చాలావాటికి ఈ ముక్కలే ఏకైక ఆధారం.

ఈ దారి ఎంత బలమైనదో చెప్పే ఉదంతం ఒకటుంది. వాల్ట్ డిస్నీ మిక్కీ మౌస్‌కు ముందు ఓస్వాల్డ్ అనే కుందేలు బొమ్మతో సినిమాలు తీశాడు. వాటిలో నెక్ అండ్ నెక్ అనే 1928 సినిమా పోయిందనే అందరూ అనుకున్నారు. ఒసాకాలో యసుషి వతనబె అనే విద్యార్థి యుద్ధం తర్వాతి రోజుల్లో 500 యెన్లకు ఒక చిన్న ఫిలిం కొనుక్కున్నాడు. దాని మీద జపనీస్‌లో మిక్కీ పేరు రాసి ఉంది. ఆ కుర్రాడే పెద్దయ్యాక జపాన్ యానిమేషన్ చరిత్ర రాసినవాళ్లలో ఒకడయ్యాడు. సుమారు 70 ఏళ్ల తర్వాత, పోయిన ఓస్వాల్డ్ సినిమాల గురించి ఓ పుస్తకం చదివి తన దగ్గరున్న ఫిలిం సంగతి ఆరా తీశాడు. 2018లో తేలింది: అది మిక్కీ కాదు, ఓస్వాల్డ్. డిస్నీ సంస్థ దగ్గర కూడా లేని సినిమా ఒక బడిపిల్లవాడి కొనుగోలు వల్ల బతికింది.

తిరిగి తెర మీదికి

ఒసాకా అంగట్లో మత్సుమోతోకు దొరికినవాటిలో మొద్దు కత్తితో పాటు, ఉరషిమా అనే జాలరి జానపద కథను చెప్పే మరో పాత బొమ్మల సినిమా కూడా ఉంది. ఆయన వాటిని ఇంటి ప్రొజెక్టర్ మీద ఆడించి ముచ్చట తీర్చుకుని బీరువాలో పెట్టుకోలేదు. టోక్యోలోని జాతీయ ఫిలిం సెంటర్ చేతుల మీదుగా పునరుద్ధరణ జరిగింది. తొంభై ఏళ్ల ఫిలిం ఎండి, ముడుచుకుని, అంచు రంధ్రాలు చిరిగి ఉంటుంది. నేరుగా మరలో వేస్తే ముక్కలవుతుంది. ఒక్కో ఫ్రేమును శుభ్రం చేసి, కొత్త ఫిలిం మీదికి ఎక్కించాలి. గీసేటప్పుడు పడిన ఓపికే కాపాడేటప్పుడూ పడాలి.

2008 మార్చిలో వార్త ప్రపంచానికి తెలిసింది. ఏప్రిల్‌లో ఫిలిం సెంటర్‌లో ప్రదర్శించారు. హనవా హెకొనై మళ్లీ కత్తి దూశాడు, మళ్లీ తన్నులు తిన్నాడు. తర్వాత కాలంలో ఈ సినిమాదే మరికొంత భాగం ఇంకోచోట దొరికింది. రెండిటినీ కలిపి డిజిటల్ పద్ధతిలో అతి పొడవైన ప్రతిని తయారుచేశారు. 2017లో, జపాన్ యానిమేషన్‌కు నూరేళ్లు నిండిన సందర్భంగా, ఎవరైనా ఉచితంగా చూడగలిగేలా ఇంటర్నెట్‌లో పెట్టారు. విడుదల తేదీ రూఢిగా తెలిసి, థియేటర్లో ఆడిన జపాన్ బొమ్మల సినిమాల్లో నేటికి మిగిలినవాటిలో ఇదే అతి పాతది.

మన అగ్గిపుల్లలు ఏవి?

కోవుచి కాగితాలు కత్తిరించడానికి రెండేళ్ల ముందే మన దేశంలో ఒకాయన అగ్గిపుల్లలను నడిపించాడు. దాదాసాహెబ్ ఫాల్కే. మహాయుద్ధం వల్ల విదేశాల నుంచి ముడి ఫిలిం రావడం కష్టమైన రోజుల్లో, 1915లో, అగ్గిపుల్లలను ఒక్కో ఫ్రేముకు కొంచెం కొంచెం జరుపుతూ అగ్‌కాడ్యాంచీ మౌజ్ అనే చిన్న సినిమా తీశాడు. అంతకుముందు 1912లో, రాజా హరిశ్చంద్రకు పెట్టుబడి సంపాదించడానికి, కుండీలో బఠాణీ గింజ మొలకెత్తి తీగగా ఎదగడాన్ని రోజుల తరబడి ఫ్రేము ఫ్రేముగా తీసి చూపించాడు. విత్తు వేసి మొలక కోసం కాచుకునే రైతు ఓపిక ఆ సినిమాకు పెట్టుబడి. అగ్గిపుల్లల సినిమా ఇవాళ లేదు.

తెలుగువాళ్ల నష్టమూ తక్కువది కాదు. రఘుపతి వెంకయ్య నాయుడు, ఆయన కొడుకు ప్రకాశ్ 1921లో తీసిన భీష్మ ప్రతిజ్ఞ లేదు. 1932 ఫిబ్రవరి 6న విడుదలైన మన తొలి టాకీ భక్త ప్రహ్లాద లేదు. దేశపు తొలి టాకీ ఆలం ఆరా లేదు. కొన్ని కాలిపోయాయి, కొన్ని కుళ్లిపోయాయి. చాలావాటిని ఫిలింలోని వెండి కోసం కరిగించారు. దేశంలో తీసిన మూకీలు 1,300కు పైగా ఉంటే, మిగిలినవి కొద్ది పదులు కూడా దాటవు, వాటిలోనూ చాలావరకు ముక్కలే.

మిగిలిన ఆ కొద్దీ ఎలా మిగిలింది? పుణెలో 1964లో నేషనల్ ఫిల్మ్ ఆర్కైవ్ ఏర్పడింది. అక్కడ పి.కె. నాయర్ అనే మనిషి తన ఉద్యోగ జీవితమంతా ఊరూరా తిరిగి డబ్బాలు వెతికాడు. ఫాల్కే కుటుంబాన్ని పట్టుకుని కాళీయ మర్దన్ సంపాదించాడు. మత్సుమోతో ఒసాకాలో చేసిన పనే ఆయన ఈ దేశంలో చేశాడు. 2016లో నాయర్ పోయారు. వెతకవలసింది ఇంకా ఉంది.

అందుకే ఈ కథ మన ఊళ్లలో చదవాలి. సాగర్ ఎడమ కాలువ కింది ఊళ్లు టూరింగ్ టాకీసులు చూసిన ఊళ్లు. నిడమనూరు, మిర్యాలగూడ, కోదాడ, సూర్యాపేటల్లో డేరాలు నడిపినవాళ్ల కుటుంబాలున్నాయి. ప్రొజెక్టర్ ఆపరేటర్ల పిల్లలున్నారు. పాత ఫోటో స్టూడియోల వారసులున్నారు. పాత ఇనుప సామాన్లు కొనే వ్యాపారులున్నారు. వీళ్ల అటకల మీద, గోదాముల మూలల్లో తుప్పు పట్టిన గుండ్రటి రేకు డబ్బాలు కనిపిస్తే చేయవలసింది కొంచెమే.

డబ్బాను పొయ్యికీ ఎండకూ దూరంగా, చల్లటి గాలి తగిలే చోట పెట్టండి. దగ్గర బీడీ, అగ్గిపుల్ల వెలిగించకండి. అతుక్కుపోయిన చుట్టను బలవంతంగా విప్పకండి, పాత ప్రొజెక్టర్‌లో ఆడించి చూడకండి. వెనిగర్ వాసన వేస్తున్నా పారేయకండి, అది పాడవడం మొదలైందన్న గుర్తు మాత్రమే. డబ్బా మీద రాసి ఉన్న ప్రతి అక్షరాన్నీ, ఎవరి ఇంట్లో, ఎలా వచ్చిందో కూడా కాగితం మీద రాసి పెట్టండి. ఇప్పుడు జాతీయ చలనచిత్ర అభివృద్ధి సంస్థ (ఎన్‌ఎఫ్‌డీసీ) కింద నడుస్తున్న పుణె నేషనల్ ఫిల్మ్ ఆర్కైవ్‌కు ఒక ఉత్తరం రాయండి. డబ్బాలో ఏముందో తేల్చే పని వాళ్లది.

మొద్దు కత్తిని తొంభై ఏళ్లు కాపాడింది ప్రభుత్వమూ కాదు, కంపెనీ కూడా కాదు. ఎవరో ఇంటివాళ్లు పారేయలేదు, ఒక మనిషి ఆగి చూశాడు. ఈ రెండు పనులకూ డబ్బు అక్కర్లేదు, పదవి అక్కర్లేదు. ఈ ఆదివారం మీ అటక ఒకసారి చూడండి.